దుమ్ముగూడెం అడవి దారిలో నా ఓటు డబ్బా

ఓటు రహస్యమేనని జనం నిజంగా నమ్ముతారా? నమ్మకపోతే, వచ్చే పథకం ఎక్కడ ఆగిపోతుందోనని భయపడి ఓటేస్తారా? మా ఆర్థికశాస్త్ర పరిశోధన అంతా ఈ రెండు ప్రశ్నల చుట్టే తిరుగుతోంది. ఖమ్మంలో మా ఖానాపురం హవేలి పేటలో ఫ్యాను కింద కూర్చుని ప్రశ్నలు తయారు చేస్తున్నప్పుడు అదెంత తేలిగ్గా అనిపించిందో! దుమ్ముగూడెం అవతల అడవిలో పందొమ్మిది ఇళ్ల గూడెం ఒకటుందని, పంచాయతీ ఎన్నికల్లో అక్కడి వార్డు ఓట్లన్నీ ఒకవైపే పడి రెండు మాత్రం పక్కకు పోయాయని ఎవరో చెప్పారు. మాకు కావలసింది అలాంటి చోటే. సంచీ సర్దుకుని బయలుదేరాను.

పొద్దున ఐదున్నరకు ఖమ్మంలో భద్రాచలం బస్సెక్కాను. ఆడవాళ్లకు ఆధార్ కార్డు చూపిస్తే జీరో టికెట్టు ఇస్తారు కాబట్టి నాకు ఖర్చు లేదు. కొత్తగూడెం, పాల్వంచ మీదుగా మూడు గంటలు దాటింది. గోదావరి వంతెన దాటి దిగాక ఇడ్లీ తిని, సమ్మయ్య అనే ఆటో డ్రైవరుతో సాయంత్రం దాకా పన్నెండు వందల కిరాయికి మాట్లాడుకున్నాను. దుమ్ముగూడెం వరకు తారు రోడ్డే. ఆ తర్వాత మట్టిబాట నా నడుం విరగ్గొట్టింది.

గూడెం పేరు చెప్పగానే సమ్మయ్య బ్రేకు మీద కాలేశాడు. "గిప్పుడు గాడికెందుకు మేడం? ఆ రెండు ఓట్లు ఎవరివో చెప్పమని లీడర్ గరం గరం ఉన్నడు."

లీడర్ అంటే పక్క ఊరి పెద్ద రైతు, గూడెం ఓట్లు పడ్డ వైపు అతనిదే. సర్కారు కట్టించే ఇండ్ల లిస్టులో పేర్లు రాయించేది కూడా అతనేనట.

"చెప్పకపోతే?"

"గూడెంల ఒక్కరికి గూడ ఇల్లు రాదన్నడు. చెప్తే ఆ ఇద్దరివే పోతయంట."

అక్కడే వెనక్కి తిరగాల్సింది. కానీ నా బుద్ధి చూడండి, నా ప్రశ్నకు జవాబు దొరికే చోటు ఇదేనని లోలోపల సంబరపడ్డాను! ఇప్పుడు రాస్తుంటే సిగ్గేస్తోంది.

పదకొండుకు చేరాం. ఎన్నికలొస్తే గూడెమంతా ఒకచోట కూర్చుని ఒక మాట అనుకుంటారు, ఓట్లు ఆ మాట ప్రకారమే పడతాయి. కూర్చోబెట్టి మాట్లాడించేది ముత్తమ్మ అనే పెద్దావిడ. ఆమె వాకిట్లోనే ఇంటికొక చీటీ పంచాను. చీటీ మీద రెండు బొమ్మలుంటాయి. ఊరి మాట ప్రకారం వేస్తే గుంపు బొమ్మ మీద గీత గీయాలి, సొంతంగా వేస్తే ఒంటి మనిషి బొమ్మ మీద. మడిచి రేకు డబ్బాలో వేస్తే ఎవరిది ఏదో ఎవరికీ తెలియదని గట్టిగా చెప్పాను.

ముత్తమ్మ చీటీ తిప్పి చూసింది. "ఎవ్వరికి తెల్వదంటున్నవ్. మరి ఎనక గీ నంబరేంది బిడ్డా?"

అది ఇంటి నంబరు. ఏ ఇంటికి ఎంత పొలముంది, ఎవరు ఎంత చదివారు అనే వివరాలతో తర్వాత జత చేసుకోవడానికి నేనే వేశాను. మా పనిలో అది మామూలే.

"లెక్క కోసమే అవ్వా. నా దగ్గర్నే ఉంటది."

"నీ దగ్గర్నుంచి ఎవరన్న గుంజుకుంటే?"

"అట్లెట్ల గుంజుకుంటరు అవ్వా," అన్నాను.

ఆమె అందర్నీ ఇంటి వెనక్కి తీసుకెళ్లింది. అరగంట సేపు కోయ భాషలో మాట్లాడుకున్నారు. నాకు ఒక్క ముక్క అర్థం కాలేదు. సమ్మయ్య మాత్రం వచ్చిన బాటకేసి చూస్తూనే ఉన్నాడు. తర్వాత ఒక్కొక్కరే వచ్చి చీటీలు వేసి వెళ్లారు. ముత్తమ్మ నాకు చల్లటి జావ పోసింది. హమ్మయ్య, నన్ను నమ్మారనుకున్నాను. నా మొహం!

రెండున్నరకు తిరుగుదారిలో, వాగు దగ్గర బండి అడ్డంగా పెట్టి లీడర్ నిలబడి ఉన్నాడు, వెంట ఇద్దరు మనుషులు.

"సర్వేనా మేడం? డబ్బా ఒకసారి ఇయ్యుండ్రి."

"కుదరదండీ. ఎవరికీ చూపించనని మాటిచ్చాను."

"మాకు గూడ మాట ఇచ్చిన్రు గా గూడెపోళ్లు. ఏమైంది?"

సంచీని ఒళ్లోకి లాక్కున్నాను. అతని మనిషి గుంజేశాడు. అందులోనే నంబర్లూ పేర్లూ ఉన్న కాగితం కూడా ఉంది. రెండు కుటుంబాల నోటికాడి కూడు నా చేతులతో నేనే లాగేశాను కదా అనిపించింది. ఆటో దిగి ఆపే ధైర్యం లేదు.

అతను బండి సీటు మీద మొదటి చీటీ విప్పాడు. ఒంటి మనిషి మీద గీత. వెనక నంబరు చూసి, కాగితంలో పేరు చూసి నవ్వాడు. "దొరికిండు." రెండోది విప్పాడు. ఒంటి మనిషే. "ఇగో, రెండోడు." చాలదన్నట్టు మూడోది విప్పాడు. అదీ ఒంటి మనిషే. నాలుగోది కూడా. నవ్వు ఆగిపోయింది. గబగబా అన్నీ విప్పాడు. ముత్తమ్మ ఇంటి చీటీతో సహా పందొమ్మిదింటి మీదా ఒకటే గీత.

"ఏందిది? అటు పోయినయి రెండే ఓట్లు గదా!"

డబ్బా దుమ్ములోకి విసిరికొట్టి, బండెక్కి వెళ్లిపోయాడు.

సమ్మయ్య చీటీలు ఏరుతూ పగలబడి నవ్వాడు. "ఇద్దర్ని అడిగిండు గద మేడం, పందొమ్మిది ఇండ్ల పేర్లిచ్చిన్రు!" నాకు మాత్రం ఏడుపొచ్చింది. వాళ్లు తమను కాపాడుకున్నది అతని నుంచి మాత్రమే కాదు, నా నుంచి కూడా.

ఆ చీటీలు మా పరిశోధనకు ఎందుకూ పనికిరావు. మా సార్ చూసి, "అందరూ అబద్ధమే రాశారు," అని పెదవి విరిచారు. నేను ఒప్పుకోలేదు. ఊరి మాట కాదన్నామని అందరూ గీత గీయడమే ఆ రోజు వాళ్లు కూర్చుని అనుకున్న ఊరి మాట. పోయిన వారం సమ్మయ్యకు ఫోన్ చేస్తే, ఇండ్లు ఇంకా రాలేదనీ, లిస్టులో ఏ పేరూ కొట్టెయ్యలేదనీ చెప్పాడు. ఆ ఇద్దరు ఎవరో నాకు తెలియదు, తెలుసుకోను కూడా. మీరెవరైనా ఇలాంటి పని మీద ఆ దారిన వెళ్తే ఒక్కటి గుర్తుపెట్టుకోండి. బయలుదేరే ముందు ఇంట్లోనే మీ చీటీలన్నీ తిప్పి, వెనక ఏముందో చూసుకోండి.