బురదలో స్కూటరు

టాంగి తాత ఎవరికైనా మొక్క ఇచ్చాడంటే, అది ఇచ్చినట్టు కాదు, పెంపకానికి పంపినట్టు. మర్నాటి నుంచే కన్నతండ్రి హోదాలో పిల్లను చూసుకోవడానికి వచ్చేసేవాడు. అదీ పొద్దున్నే, సరిగ్గా టీ కాగే వేళకు.

పసిఫిక్ సముద్రంలోని మాంగైయా దీవిలో పిల్లల్ని పెంపకానికి ఇచ్చుకోవడం ఇంటింటా ఉన్నదే. అక్క కన్న బిడ్డ చెల్లెలింట్లో పెరుగుతుంది, మనవడు తాత దగ్గర పెరుగుతాడు. కన్నవాళ్ళు వస్తూ పోతూ ఉంటారు, పెంచేవాళ్ళు కడుపునిండా పెట్టి పంపుతారు. అయితే ఈ మర్యాదలన్నిటినీ రణపాల మొక్కకు కూడా అమలుచేసినవాడు దీవి మొత్తానికి టాంగి తాత ఒక్కడే.

మనిషి భారీ విగ్రహం. వయసులో ఉన్నప్పుడు ఓడల నుంచి బస్తాలు దింపే పడవ నడిపినవాడు. అరచెయ్యి సీమపనస ఆకంత ఉంటుంది. అంత చెయ్యీ రణపాల దగ్గరికి వచ్చేసరికి దూదిపింజ అయిపోతుంది. ఆ మొక్క ఆకు అంచుల వెంట ఆవగింజంత పిల్లలు వరసగా, చర్చిలో బల్ల మీద కూర్చున్నట్టు కూర్చుని ఉంటాయి. వాటిని గిల్లబోయిన వాళ్ళ చెయ్యి మీద తాత చటుక్కున ఒకటి వేసేవాడు.

"ఆగవే తల్లీ! కిందికి చూడు, గడ్డం మొలిచినట్టు వేళ్ళు రావాలి. అప్పుడు అదే తల్లిని వదిలేసి దూకుతుంది. తొందరపెడితే ఎవరికైనా బెంగ ఉండదూ?"

దూకిన పిల్లను ఖాళీ అయిన మాంసం రేకు డబ్బాలో, పగడపు ఇసుకా గుప్పెడు మట్టీ కలిపి పెట్టేవాడు. డబ్బా అడుగున మేకుతో చిల్లులు తప్పనిసరి. ఆ తర్వాత నామకరణం. దీవిలో మనుషులకే ఆ వారం జరిగిన సంగతుల మీద పేర్లు పెట్టుకుంటారు, మొక్కలు ఏం పాపం చేశాయని తాత వాదన. అందుకని మరదలు పోకో ఇంట్లో పెరుగుతున్నదాని పేరు 'ఓడ ఆలస్యం'. పాస్టరు గారింట్లో ఉన్నది 'కాలు బెణికింది'. అకైటి మామ్మ ఇంట్లో ఉన్నది 'బురదలో స్కూటరు'.

ఆ పేరంటే అకైటి మామ్మకు ఒళ్ళు మంట. ఆవిడ ఊరి మహిళా సంఘానికి నాయకురాలు. చర్చిలో ముందు వరస మనిషి. టోపీ కూడా పక్కకు ఒరగని మనిషి. అలాంటి మనిషి ఒకనాడు చేమ మడిలోకి స్కూటరుతో సహా వెళ్ళి కూర్చుంది. అందరూ పెద్ద మనసుతో ఆ సంగతి మరిచిపోయారు. టాంగి తాత మాత్రం ప్రతి ఉదయం వీధి చివర నుంచే గొంతెత్తేవాడు.

"బురదలో స్కూటరు ఎలా ఉంది చెల్లెమ్మా?"

"నెమ్మదిగా అడుగన్నా! ఊరంతా వింటోంది."

"ఊరు వింటే ఏం? పిల్ల క్షేమం అందరికీ కావాలి."

వచ్చినవాడు ఊరికే చూసి పోయేవాడా? "పిల్లకు ఎండ తగులుతోందో లేదో" అంటూ నిచ్చెన వేసుకుని చూరెక్కేవాడు. "పిల్ల తాగే నీళ్ళు మంచివేనా" అంటూ వాన నీళ్ళ ట్యాంకు మూత ఎత్తి తలకాయ లోపల పెట్టేవాడు. "మేక గాని వచ్చి నమిలిందంటే పిల్లా దక్కదు, మేకా దక్కదు" అంటూ కంచె చుట్టూ తిరిగేవాడు. ఆసరా కర్ర కట్టాలంటూ చొక్కా జేబులో ఎప్పుడూ మేకులూ తీగా పెట్టుకునేవాడు. వేలెడు మొక్కకు ఆసరా ఏమిటో ఆ దేవుడికే తెలియాలి. ఆనక టీ తాగి, కొబ్బరిపాలు పోసిన అరటి పాయసం ఉంటే అదీ తిని, "బాగా పెంచుతున్నావమ్మా" అని దీవించి పోయేవాడు.

అకైటి ఓసారి ఆ మొక్కను నిశ్శబ్దంగా పరలోకానికి పంపాలని చూసింది. దేవుడు క్షమించుగాక, నీళ్ళు పూర్తిగా మానేసింది. అది ఆకులు నిగనిగలాడించి, అంచు నిండా పిల్లల్ని పెట్టింది. "చూశావా, నీ చెయ్యి చలువ!" అన్నాడు తాత మురిసిపోతూ. పోకో మాత్రం ప్రేమకొద్దీ రోజూ చెంబెడు పోసి మొదటిదాన్ని కుళ్ళబెట్టింది. ఆవిడ అక్కే తాతకు పెళ్ళాం, ఆ తల్లి పోయి చాన్నాళ్ళయింది. "మరదలివి కాబట్టి ఊరుకున్నా. గొంతుదాకా పోస్తే ఎవరు మాత్రం బతుకుతారే?" అని గట్టిగా కోప్పడి, సాయంత్రానికల్లా ఇంకోదాన్ని అదే పేరుతో తెచ్చి చేతిలో పెట్టాడు.

ఏటా ఆరోగ్యశాఖ వాళ్ళు దీవంతా తిరిగి ఇల్లిల్లూ తనిఖీ చేస్తారు. వాకిలి, వంటిల్లు, మరుగుదొడ్డి, నీళ్ళ ట్యాంకు, ఆఖరికి మంచం మీద చేత్తో కుట్టిన పూల దుప్పటి దాకా చూసి, బాగున్న ఊరికి షీల్డు ఇస్తారు. ఆ షీల్డు ఎన్నాళ్ళుగానో పక్కూరి హాల్లోనే వేలాడుతోంది. ఈసారి అకైటి చర్చిలో ప్రార్థన కాగానే లేచి నిలబడి, "దేవుడి ఎదుట చెబుతున్నాను. ఈ ఏడు షీల్డు తేలేకపోతే నాయకత్వం వదిలేస్తాను" అనేసింది. అది చిన్న పందెం కాదు. భర్త పోయాక ఆవిడకు పొద్దున లేస్తే పనీ పలకరింపూ అన్నీ ఆ సంఘమే.

కిందటేడు తనిఖీకి వచ్చిన నర్సమ్మ ఊళ్ళో డబ్బాలు చూసి, "వీటిలో నీళ్ళు నిలిస్తే దోమలు కదమ్మా" అని పెదవి విరిచి వెళ్ళింది. అది అకైటికి గుర్తుంది. సంఘం కూడింది, తీర్మానం అయింది. మర్నాడు ఆడవాళ్ళంతా తలా ఒక డబ్బా పట్టుకుని ఊరేగింపుగా తాత ఇంటికి బయల్దేరారు.

తాత వరండాలో నిలబడి చూశాడు. ఆయన అరుస్తాడనుకుంది అకైటి. అందుకు జవాబు కూడా సిద్ధం చేసుకుని వచ్చింది. ఆయన అరవలేదు.

"పెంచలేనప్పుడు కన్నవాడి దగ్గరికే చేర్చాలి. పద్ధతి అదే" అంటూ ఒక్కో డబ్బా అందుకున్నాడు. అకైటి డబ్బా అందుకున్నప్పుడు మాత్రం, "వచ్చేటప్పుడు ఏమైనా బెంగపెట్టుకుందా?" అని మెల్లగా అడిగాడు. అకైటి సిద్ధం చేసుకున్న జవాబు ఆ ప్రశ్నకు అతకలేదు.

మర్నాటి నుంచి తాత రాలేదు. పిల్ల లేని ఇంటికి ఏ వంకన వస్తాడు?

మొదట్లో అకైటి హాయిగా టీ తాగింది. తర్వాత టీ తాగింది. ఆ తర్వాత రెండు కప్పులు తీసి, ఒకటి మళ్ళీ లోపల పెట్టి టీ తాగింది. ఇంతలో వంటింటి కుళాయి కారడం మొదలుపెట్టింది. గట్టి వాన ఒకటి కురిస్తే, చూరు నీళ్ళను ట్యాంకులోకి మోసే రేకు కాలువ ఆకులతో పూడి, నీళ్ళన్నీ మంచం మీది పూల దుప్పటి మీదికి దిగాయి.

తనిఖీ దగ్గరపడి సంఘం కూడితే, అందరి నోటా అదే పాట.

"నా ట్యాంకు మీద దోమల జాలీ చిరిగింది" అంది ఒకావిడ.

"ఇదివరకు ఎవరు బాగుచేసేవారు?" అకైటి అడిగింది.

"ఎవరూ బాగుచేసేవారు కాదే! అసలు చిరిగేదే కాదు."

"మా పంది రెండుసార్లు బయటపడింది. ఆ కంచె ఎప్పుడూ దానంతటదే గట్టిగా ఉండేది" అంది పోకో. అన్న నోరు అలాగే తెరుచుకుని ఉండిపోయింది. "అకైటీ! మా బావ... మేక భయం అని కంచె చుట్టూ తిరిగేవాడు చూడు..."

ఎండ కోసమని చూరెక్కడం, నీళ్ళ కోసమని ట్యాంకు మూత ఎత్తడం, జేబులో మేకులు, తీగ. అకైటికి ఒక్కొక్కటే కళ్ళ ముందుకొచ్చింది. భర్త సమాధి మీద మట్టి ఆరకముందే, "నాకెవరి సాయమూ అక్కర్లేదు, నా ఇల్లు నేను చూసుకోగలను" అని ఊరందరి ముందూ అన్నది తనే. ఆ మాట పోకుండానే తన ఇల్లు ఇన్నాళ్ళూ నిలబడింది.

"వేలెడు మొక్కకు నిచ్చెనెందుకని ఒక్కరమైనా అడిగామా?" అంది పోకో. "నేనైతే ముసలాడికి మతి పోయిందని దేవుడికి ప్రార్థన కూడా చేశాను."

ఆ సాయంత్రం అకైటి ఒక్కతే తాత ఇంటికి వెళ్ళింది. ఆయన వరండా నిండా డబ్బాల మధ్య, కాళ్ళు ఎక్కడ పెట్టుకోవాలో తెలియక ముడుచుకుని కూర్చున్నాడు.

"ఏం చెల్లెమ్మా, ఇంకేమైనా డబ్బా మిగిలిపోయిందా?"

"లేదన్నా. పెంపకానికి పిల్ల కావాలి."

"కొత్త పిల్లా?"

అకైటి గొంతు సవరించుకుంది. వీధిలో ఎవరైనా ఉన్నారేమో కూడా చూసుకోలేదు. "బురదలో స్కూటరే కావాలి."

తాత డబ్బా తీశాడు గాని చేతికివ్వలేదు. "మళ్ళీ వెనక్కి తెస్తే పసిదాని మనసు విరిగిపోతుంది."

"తేను. కాని అన్నా, ఇన్నాళ్ళూ నువ్వు మా ట్యాంకూ చూరూ..."

"ట్యాంకు గొడవ నాకెందుకమ్మా?" తాత గబగబా అడ్డొచ్చాడు. చెవులు ఎర్రబడ్డాయి. "పిల్ల తాగే నీళ్ళు చూడాలి. నా బాధ్యత అంతవరకే. పొద్దున టీ ఎన్నింటికి?"

మర్నాడే మిగతా ఆడవాళ్ళూ వెళ్ళి ఎవరి డబ్బా వాళ్ళు తెచ్చుకున్నారు. ఆ మిగిలిన కొద్ది రోజుల్లో ఊళ్ళో ఏ చూరు మీద చూసినా టాంగి తాతే. "ఎండ చాలట్లేదు, ఇంకొంచెం పైనుంచి చూడాలి" అని ఆయన అరవడం, "చూడు బావా, బాగా చూడు, పక్క రేకు కింద కూడా ఎండ పడుతుందేమో చూడు" అని పోకో నిచ్చెన పట్టుకుని నవ్వు ఆపుకోవడం.

తనిఖీ నాడు నర్సమ్మ గుమ్మంలోనే ఆగింది. "అకైటి మామ్మా, డబ్బాలు వద్దని కిందటేడే చెప్పాను కదా!"

అకైటి 'బురదలో స్కూటరు'ను తలపైకెత్తి, చిల్లులున్న అడుగు చూపించింది. "చూడమ్మా, చుక్క నిలవదు. దీనికి ఎక్కువ పోస్తే ఇదే చస్తుంది. ఇక్కడ గుడ్లు పెట్టాలనుకున్న దోమ దాహంతో పోవాల్సిందే."

నర్సమ్మ నవ్వి, లోపలికి నడిచి, ట్యాంకు మూత ఎత్తింది. నీళ్ళలో తన ముఖం తనకు కనిపించింది. ప్రతి ఇంట్లోనూ అలాగే కనిపించింది. వెళ్ళేటప్పుడు ఒక పిల్లను ఇమ్మని అడిగింది కూడా. ఎక్కడుంటావని టాంగి తాత వెంటనే ఆరా తీశాడు.

ఆదివారం చర్చిలో షీల్డు ఎవరిదో పాస్టరు గారు చెప్పాక, పాటలో ఊరి గొంతు సముద్రం దాకా వినిపించింది. అకైటి టోపీ పక్కకు ఒరిగింది. ఆవిడ సరిచేసుకోలేదు.

సోమవారం ఉదయం అకైటి పెందలాడే లేచి ప్రార్థన చేసుకుంది. టీ పెట్టి రెండు కప్పులు తీసింది. చుట్టూ చూసింది. కుళాయి కారడం లేదు. చూరు శుభ్రంగా ఉంది. ట్యాంకు జాలీ గట్టిగా ఉంది. పాపం, వచ్చినాయన ఏం చేస్తాడు? వాకిట్లోకి వెళ్ళి, అటూ ఇటూ చూసి, కంచెలో ఒక మేకు పట్టుకుని ఊపి ఊపి వదులు చేసి, ఏమీ ఎరగనట్టు వచ్చి కూర్చుంది.

వీధి చివర నుంచి గొంతు వినిపించింది.

"బురదలో స్కూటరు ఎలా ఉంది చెల్లెమ్మా?"

"బాగుందన్నా!" ఊరంతా వినేలా జవాబిచ్చింది అకైటి. "కాని ఎందుకో మేక భయంగా ఉంది. ఒకసారి వచ్చి చూడు!"