పనసగుడ పరుగు

జీపులు దారి తప్పాయని నీలవేణికి తెలిసే వీల్లేదు, ఎవరి ఫోనూ పనిచేయలేదు. ఆ కొండల్లో సిగ్నలు కిందున్న గెడ్డవాగు దాకానే. చింతగుడ మలుపు దగ్గర మొదటి కెమెరా పెట్టించి, మంచు విడవక ముందే షాట్ తీసేయాలని ఆమె దారి చూస్తోంది. పోలీసు వేషాల వాళ్లతో రెండు జీపులు కింది నుంచి రావాలి. వాటిని చూసి ఊళ్లోవాళ్లు పరుగెత్తాలి. ముందురోజు సాయంత్రమే అందరికీ నేర్పారు. చింతగుడ ఆడవాళ్లు నవ్వాపుకోలేక మళ్లీ మళ్లీ మొదట్నుంచి పరుగెత్తారు.

జీపులు రాలేదు. గట్టు అవతల పనసగుడ వైపు నుంచి కుక్కలు మొరిగాయి. ఆ వెంటనే ఒక ఆడమనిషి కేక. దాని వెనక ఇంకేమీ లేదు, ఊరు ఊరంతా నోరు మూసుకున్నట్టు.

నీలవేణి పక్కనున్న కుర్రాడి చేతిలోంచి బండి తాళం లాక్కుని బయల్దేరింది.

ఆమె పుట్టింది అరకు రైల్వే క్వార్టర్లలో. తండ్రి కిరండూల్ లైన్లో గ్యాంగ్‌మన్. తల్లిది డుంబ్రిగుడ పక్క పల్లె. క్వార్టర్లలో ఓ పక్క బీహారు వాళ్లు, ఇంకో పక్క ఛత్తీస్‌గఢ్ వాళ్లు. అందుకని హిందీ ఆమెకు బడిలో రాలేదు, కుళాయి దగ్గర వచ్చింది. చదువయ్యాక పాడేరులో ఒక తెలుగు పేపరుకు విలేకరిగా చేరింది. మన్యం జ్వరాలు, కాఫీ ధరలు, రోడ్డు లేని ఊళ్లు, గంజాయి కేసులు, అన్నీ రాసింది. కొండమీద ఏ ఊరికెళ్లినా ఆమె పేరు పేపరమ్మే. తర్వాత విశాఖలో ఒక హిందీ చానల్ వాళ్లు పిలిస్తే వెళ్లింది. అక్కడ మన్యం మొత్తానికీ కలిపి నిమిషంన్నర ఇచ్చేవాళ్లు. ఆ నిమిషంన్నరలో పట్టని ముఖాలు ఆమె దగ్గర చాలా పోగయ్యాయి.

నలభై నాలుగో ఏట ఉద్యోగం మానేసి హిందీలో సినిమా కథ రాసింది. పోలీసు సోదాల్లో మొగుణ్ణి పోగొట్టుకుని వెతుక్కునే ఒక పల్లె ఆడదాని కథ అది. భర్త వెంకటరమణ ఆశ్రమ పాఠశాలలో మాస్టారు. కాగితాలన్నీ చదివి, "బాగుంది. దీన్ని ఇంకెవరి చేతిలోనూ పెట్టకు, నువ్వే తియ్యి" అన్నాడు. అలా అన్నందుకు తర్వాత రెండేళ్లు ఇంటి భారమంతా అతనే మోశాడు. ఆమె ముంబయి ఆఫీసుల సోఫాల్లో, తన కూతురి ఈడు పిల్లల పక్కన కూర్చుని పిలుపు కోసం కాచుకుంది. చివరికి ఒక నిర్మాత ఒప్పుకున్నాడు. కొండ చేలల్లో పచ్చటి వలిసె పూలు విరగబూసిన రోజుల్లో షూటింగు పెట్టారు. నిర్మాత తరఫున కులకర్ణి అనే మనిషి సెట్లో ఉంటాడు. పూలు రాలిపోయేలోగా పని ముగించాలన్నది అతని పట్టుదల.

పనసగుడలో అడుగుపెట్టేసరికి రెండు జీపులూ ఊరి నడుమ ఆగి ఉన్నాయి. ఖాకీ బట్టల్లో ఉన్న విశాఖ కుర్రాళ్లు ఏం చేయాలో తెలియక నిలబడ్డారు. ఊళ్లో మనిషి లేడు. పొయ్యిల మీద అంబలి ఉడుకుతూనే ఉంది. ఒక వాకిట్లో రాగిచోళ్లు చెరిగే చేట బోర్లాపడి ఉంది. జీపులో వచ్చిన రెండో కెమెరామన్ తరుణ్ మాత్రం ఉత్సాహంగా ఎదురొచ్చాడు. జీపు ఆగీ ఆగక ముందే జనం అద్భుతంగా పరుగెత్తారనీ, తను దిగుతూనే కెమెరా ఆన్ చేశాననీ చెప్పాడు. ఇదే చింతగుడ అనుకున్నాడు అతను.

నీలవేణి అతన్ని దాటుకుని ముందుకు నడిచింది. ఒక గుమ్మంలో ముసలమ్మ ఒకర్తే కూర్చుని ఉంది. నడవలేని మనిషి. పేరు యర్రమ్మ. చెయ్యి ముందుకు చాపి, ఆ చేతిలో ఆధార్ కార్డు పట్టుకుని, కదలకుండా ఉంది. నీలవేణి దగ్గరికెళ్తే ఆమె ముఖం చూడకుండానే కార్డు ఇంకాస్త ముందుకు చాపింది.

"ఇదిగో బాబూ, కార్డు. మా ఇంటో ఏటీ నేదు."

"మామ్మా, నేను. పేపరమ్మని."

ముసలమ్మ తలెత్తి చూసింది. నమ్మినట్టు లేదు. చెయ్యి దించలేదు.

ముందు ఆ ఖాకీ బట్టలు విప్పించి జీపులో పడేయించింది నీలవేణి. కుర్రాళ్లు బనియన్లతో, తువ్వాళ్లతో ఆ చలిలో వణుకుతూ నిలబడ్డారు. తర్వాత తనే ఊరి చివరికెళ్లి తనకొచ్చిన కొండ మాటల్లో గొంతు చించుకుని పిలిచింది. పోలీసులు కారు, సినిమా వాళ్లు, రండి అని. మంచు తేలిపోయి ఎండ వచ్చాక ఒక్కొక్కరే తోటల్లోంచీ బండల చాటునుంచీ దిగివచ్చారు. ఎవరూ ఆమెను తిట్టలేదు. ఒకావిడ పొయ్యి దగ్గరికి పోయి మాడిన అంబలి దించుకుంది.

అందరూ వచ్చారు గానీ ఫల్గుణ రాలేదు.

ఫల్గుణ సంగతి నీలవేణికి తెలుసు. సంతకు వెళ్తూ దారిలో లారీ ఎక్కినందుకు గంజాయి కేసులో ఇరుక్కుని, రెండేళ్లు జైల్లో ఉండి, ఏ తప్పూ లేదని తేలి వచ్చాడు. వచ్చాక సంతకు కూడా వెళ్లడు, సామలూ కాఫీ మొక్కలూ చూసుకుంటాడు. అతని భార్య సోని నీలవేణి ఎదురుగా వచ్చి నిలబడింది. గొంతు పెంచలేదు.

"నీ సినిమాకి మా ఊరే దొరికిందేటి అక్కా?"

దారి తప్పిందనీ, కావాలని చేసింది కాదనీ చెప్పబోయింది నీలవేణి.  అది మానేసి, ఫల్గుణ ఏ వైపు పోయాడో ఎవరైనా చూశారా అని అడిగింది. ఎవరి ప్రాణం వాళ్లు పట్టుకుని పరుగెత్తిన వేళ పక్కవాణ్ణి చూసిందెవరు? ఒక్క కెమెరా మాత్రమే చూసింది.

తరుణ్ ఆ ముక్క చిన్న తెర మీద వేశాడు. మంచులోంచి జనం విడిపోతున్నారు. ఒక తల్లి బిడ్డను చంకనేసుకుని తూలింది. మడిగట్టు మీద ఒక మనిషి కోతలోంచి నడుం ఎత్తి, చేతిలో కొడవలి జారవిడిచి, తిన్నగా కెమెరా వైపు చూశాడు. ఒక్క క్షణం. ఆ కళ్లలో ఉన్నది చూసి నీలవేణికి మొదట వచ్చిన ఆలోచన వెలుతురు ఎంత బాగా పడిందో అని. ఆ వెంటనే తన మీద తనకే రోత పుట్టింది. తెర మీద ఫల్గుణ ఎడమకు తిరిగి గెడ్డలోయలోకి దూకాడు.

"అటు రాళ్లే" అన్నాడు సోని వాళ్ల అన్నయ్య సోమన్న. "కాలు నిలవదు."

అప్పటికి కులకర్ణి కూడా వచ్చాడు. మనిషి దొరుకుతాడులే, ఊరివాళ్లు వెతుకుతారు, మనం చింతగుడ పోయి మధ్యాహ్నం సీనైనా తీద్దాం అన్నాడు. హీరో ఉండేది ఇంక కొద్ది రోజులే, పూలు వాడిపోతున్నాయి. ఇవాళ షూటింగు లేదని నీలవేణి చెప్పేసి సోనితో, సోమన్నతో లోయలోకి దిగింది.

ఆమెను భయపెట్టినవి రాళ్లు మాత్రమే కావు. షూటింగు జరిగేది చింతగుడలో అనే స్టేషన్లో చెప్పి ఉంచారు. పనసగుడలో ఖాకీ బట్టల వాళ్లు తిరిగారన్న కబురు ఈపాటికి కిందికి చేరే ఉంటుంది. నిజం పోలీసులు ఏమిటో చూసిపోదామని వస్తే, అడవిలో పరుగెడుతున్న మనిషి వాళ్లకు ఎలా కనపడతాడో ఆమెకు బాగా తెలుసు. అలాంటి వార్తలు ఆమె తన చేత్తోనే రాసింది. గెడ్డ దాటేముందు బండి మీద ఒక మనిషిని స్టేషన్‌కు పంపింది. అతను సమయానికి వెళ్తాడో లేదో తెలియదు.

లోయలో సోని, ఆమె వెనక నీలవేణి పిలుస్తూ నడిచారు. జవాబు లేదు. వెనక తన గొంతు విని పలకడం లేదేమోనని నీలవేణి నోరు మూసుకుంది. జారుడు బండల మీద చేతులు ఆనించి దిగింది. ఒకచోట నాచు మీద ఎవరో జారిన గీత ఉంది. దాని చివర నెత్తురు. సోని ఆ గీతను చూసి ఆగింది, మరి పిలవడం మానేసింది. 

పొద్దు వాలుతుండగా కాఫీ తోటల పైన ఒక బండ సందులో దొరికాడు. ఎడమ కాలు మడమ దగ్గర వంకర తిరిగిపోయింది. నొప్పికి అరవకుండా తుండుగుడ్డ నోట్లో కుక్కుకున్నాడు. పొద్దున్నుంచీ అలాగే ఉన్నాడు. పెళ్లాం పిలుపు విన్నాడట. ఆమె మెడ మీద తుపాకీ పెట్టి పిలిపిస్తున్నారనుకున్నాడట.

సోని గుడ్డ లాగేసింది. అతను ఆమె భుజం మీంచి నీలవేణిని చూశాడు.

"పేపరమ్మా, ఈపాలి ఏ కేసు రాసినారు?"

"కేసు నేదు ఫల్గుణా. ఆళ్లు పోలీసులు కారు. సినిమా. నాదే."

"నీదా" అన్నాడు. అంతే. మళ్లీ కళ్లు మూసుకున్నాడు.

కర్రలకు దుప్పటి కట్టి మోసుకొచ్చారు. గెడ్డ దగ్గర వేషాల కుర్రాళ్లు వచ్చి భుజం పట్టారు. వాళ్లెవరో అతనికి ఎవరూ చెప్పలేదు. అరకు ఆసుపత్రిలో ఎముక విరిగిందని కట్టు వేశారు. స్టేషన్‌కు వెళ్లినవాడు సమయానికే చేరాడు. కొండమీదికి ఎవరూ రాలేదు.

మర్నాడు కులకర్ణి అసలు మాట ఎత్తాడు. తరుణ్ తీసిన ముక్క ముంబయికి పంపించాడట, నిర్మాత చూసి లేచి నిలబడ్డాడట. "ఇంత భయాన్ని ఏ నటుడు చేసి చూపిస్తాడు మేడమ్?" అన్నాడు హిందీలో. ఊరివాళ్లతో సంతకాలు చేయించుకుంటే సరిపోతుందన్నాడు. చెడ్డవాడు కాదు అతను, సినిమా ఆడాలని కోరుకునేవాడు. ఆ ముక్క లేకపోతే తన సినిమా మామూలు సినిమా అని నీలవేణికీ తెలుసు. రాత్రి ఆమె దాన్ని మళ్లీ చూసింది. దారి వెతకడానికని తన ల్యాప్‌టాప్‌లో దించుకున్నది ఇంకా చెరపలేదు. మనిషి దొరికి రోజు గడిచినా చెరపలేదు.

మూడోనాడు ఆ తెర తీసుకుని పనసగుడ వెళ్లింది. తరుణ్, కులకర్ణి కూడా వచ్చారు. కట్టు వేసిన కాలు చాపుకుని ఫల్గుణ అరుగు మీద కూర్చున్నాడు. ఊరంతా చుట్టూ చేరింది. పిల్లలు ముందు నవ్వారు, తర్వాత ఊరుకున్నారు. ఎవరి పరుగు వాళ్లు చూసుకున్నారు.

ఫల్గుణ తన ముఖం దగ్గర ఆపమన్నాడు. చాలాసేపు చూశాడు.

"నాను దొంగనాగ కనపడతన్నాను" అన్నాడు. "తప్పు సెయ్యకపోతే ఎందుకు పారిపోనావని కోర్టులో అడిగినారు. ఇది సూస్తే నాకే అనుమానం వొస్తంది. తీసెయ్యి."

సోని ఒప్పుకోలేదు. మనం ఎందుకు పరుగెడతామో అందరూ చూడాలి, ఉంచమంది. మొగుడూ పెళ్లాలు ఊరి ముందే కాసేపు వాదులాడుకున్నారు. నీలవేణి మధ్యలోకి వెళ్లలేదు. సోని వైపే మొగ్గుతున్న తన మనసు సంగతి ఆమెకు తెలుసు, అందుకే వెళ్లలేదు. చివరికి ఫల్గుణ, ఆ మొగం నాది, నీది కాదు అన్నాడు. 

అప్పుడు గుమ్మంలోంచి యర్రమ్మ, ఆ రోజు తరుణ్ కెమెరాలో పడ్డ తన బొమ్మ కూడా చూపించమంది. చూసి, "నాది ఉండనీ. నాను పరిగెట్టనేదు కదా" అంది.

అక్కడికక్కడే నీలవేణి యర్రమ్మ ముక్క ఒక్కటి ఉంచి, పరుగు మొత్తం చెరిపించింది. ముందు తరుణ్ కెమెరా కార్డులోది, తర్వాత తన ల్యాప్‌టాప్‌లోది. ముంబయి పంపినదాన్ని కూడా తీసేయించాలని కులకర్ణితో చెప్పింది. అతను లేచి వెళ్లి, సిగ్నలు దొరికేదాకా నడిచి, నిర్మాతతో మాట్లాడాడు.

తర్వాత రెండు రోజులు షూటింగు ఆగింది. మిగతా సినిమా వేరే దర్శకుడితో తీయిస్తారన్న మాట యూనిట్లో పాకింది. భోజనాల దగ్గర ఎవరూ ఆమె పక్కన కూర్చోలేదు. వలిసె చేలు పైనుంచి చూస్తే అక్కడక్కడ గోధుమ రంగు తిరుగుతున్నాయి. వెంకటరమణ పాడేరు నుంచి వచ్చి రెండు రోజులూ ఏమీ అడగకుండా ఆమెతో ఉన్నాడు. మూడో రోజు నిర్మాత ఫోన్ చేశాడు. నువ్వే ముగించు అన్నాడు. కానీ ఒక పాట, రెండు పెద్ద సీన్లు కొట్టేశాడు. ఆమెతో తీస్తానన్న రెండో సినిమా సంగతి మరి ఎత్తలేదు. పంపిన ముక్క చెరిపేశామని ఉత్తరం కూడా పంపాడు. అది రాయించిందీ, పట్టుబట్టి సంతకం తెచ్చిందీ కులకర్ణే అని ఆమెకు తర్వాత తెలిసింది.

పరుగు సీను చింతగుడలోనే తీశారు. మనుషులు నవ్వకుండా పరుగెత్తారు, అంతే. నిరుడు సినిమా విడుదలయ్యాక ఒక హిందీ పత్రిక ఆ సీను నాటకంలా ఉందని రాసింది. కార్డు పట్టుకుని కూర్చున్న ముసలావిడ నటన మాత్రం గొప్పగా ఉందని మెచ్చుకుంది. నీలవేణి ఆ రెండు మాటలూ చదివి, పత్రిక మడిచి పక్కన పెట్టింది. అరకులో ఆట వేసినప్పుడు పనసగుడ వాళ్లు జీపు కట్టుకుని వచ్చారు. ఫల్గుణ రాలేదు.

ఆమె ఇప్పుడు ఇంకో కథ పట్టుకుని మళ్లీ ముంబయి సోఫాల్లో కూర్చుంటోంది. ఊళ్లో ఉన్నన్నాళ్లు అప్పుడప్పుడు పనసగుడ వెళ్తుంది. సోని కాఫీ కాస్తుంది. ఫల్గుణ మంచిగానే మాట్లాడతాడు, పంట సంగతులు చెబుతాడు, ఆ రోజు మాట ఎన్నడూ తీయడు. కాకపోతే మలుపులో ఆమె బండి చప్పుడు వినపడగానే కుంటికాలు మీదే లేచి, గెడ్డ వైపు తిరిగి నిలబడతాడు. వచ్చింది ఎవరో చూసుకున్నాకే కూర్చుంటాడు.