కరుణమ్మ సాక్ష్యం

ఐర్లండులోని గాల్వేలో కూతురింటికొచ్చి ఆరేళ్లయినా కరుణమ్మకు ఇంగ్లీషు ఒంటబట్టలేదు. బస్సులో పక్కవాళ్లతో తెలుగులోనే మాట్లాడుతుంది. జవాబు ఏ భాషలో వచ్చినా తలూపుతుంది. పక్కింటి డెన్మార్కు ముసలావిడ ఇంగెర్‌తో రోజూ టీ తాగుతుంది. ఇంగెర్ తల్లి వందేళ్ల కిందట మూకీ సినిమాల్లో వేషాలు వేసిందనీ, వాటిలో ఒక్కటే మిగిలిందనీ తన మనవరాలు ప్రెయిసీ చెప్పగా తెలుసుకుంది. ఆ ఒక్కటీ మొన్న లైబ్రరీలో వేశారు. ఇంగెర్ తల్లి పనిమనిషి వేషంలో దీపం పట్టుకొచ్చి, ఏడుస్తున్న యజమానురాలిని చూసి, వత్తి తగ్గించి వెళ్లిపోయింది. అంతే. సినిమా అయ్యాక జనం హీరోయిన్ని మెచ్చుకుంటూ కోట్లు తొడుక్కుంటుంటే ఇంగెర్ తల వంచుకుంది. కరుణమ్మ ముసుగు సర్దుకుని, ఆదివారం కూడికలో సాక్ష్యం చెప్పడానికి లేచినట్టు లేచింది.

"అమ్మమ్మా, సిట్ డౌన్! ఇది చర్చి కాదు," అంది ప్రెయిసీ.

"నోర్మూసుకుని తర్జుమా చెయ్యవే. అయ్యలారా, ఆ దీపం పిల్లను చూశారా? ఏడ్చే మనిషి మొహం నలుగురికీ కనపడకూడదని వత్తి తగ్గించింది. ఆమె ఈవిడ తల్లి. వన్స్ మోర్!"

ఆఖరి మాటకు తర్జుమా అక్కర్లేకపోయింది. లైబ్రరీ అబ్బాయి "గ్రాండ్" అని నవ్వి ఆ ముక్క మళ్లీ వేశాడు. ఈసారి తలుపు దగ్గర దీపం కనపడగానే హాలంతా చప్పట్లు మోగాయి.

"లే తల్లీ, నువ్వు కూర్చుంటే ఎట్టా?" అని కరుణమ్మ మోచెయ్యి పట్టి లేపింది. ఇంగెర్ నిటారుగా నిలబడి, తల్లి తరఫున అందరికీ తలవంచింది. కరుణమ్మేమో ఆ సినిమా తనే తీసినట్టు చుట్టూ చూసింది.