పొగలో తెరిచి ఉన్న గేటు

స్టూడియోలో అందరూ ఆయన్ని ‘తవ్వకాల మాస్టారు’ అనేవారు. చరిత్ర డాక్యుమెంటరీలు రాయడం, తీయడం, వాటి కోసం కాళ్ళరిగేలా తిరగడం తప్ప ఆయనకు వేరే లోకం లేదు. సినిమావాళ్ళు ఆయన్ని పంతులనుకున్నారు, పంతుళ్ళేమో సినిమావాడనుకున్నారు. రెండు చోట్లా ఎవరూ కుర్చీ వేసిన పాపాన పోలేదు.

ఆయన మొదటి చిత్రం ఒక బట్టల మిల్లు తగలబడిపోవడం గురించి. యజమాని బయటినుంచి గేటుకు తాళం వేయించాడు, లోపల పనివాళ్ళు మాడిపోయారు. ఆ రోజు తీసిన బొమ్మ ఒక్కటీ దొరకలేదు. అందుకని పాత గోదామొకటి అద్దెకు తీసుకుని, బావమరిదికీ చుట్టాలకూ మసి పూసి పరిగెత్తించాడు. తీరా చూస్తే గోదాము గేటు తుప్పుపట్టి మూసుకోనంది.

“పోనివ్వండి, పొగలో ఎవడు చూస్తాడు? తాళం సంగతి మాటల్లో చెప్తున్నాంగా,” అన్నాడు కెమెరామన్‌తో. తన మాటమీద అంత గురి మహానుభావుడికి! ఫిల్మును పాతదనిపించేలా నేలమీద ఈడ్చి గీతలు పడేశాడు. ‘ఇది నటించి తీసినది’ అని కింద అక్షరాలు మాత్రం మర్చిపోకుండా వేశాడు.

తర్వాత ఆ ముక్కను ఎవరికి కావలసినట్టు వాళ్ళు కత్తిరించుకుపోయారు. ముందు బొమ్మ వెనక వినిపించే ఆయన మాట పోయింది, తర్వాత అక్షరాలు పోయాయి. బొమ్మ మాత్రం మ్యూజియంలో ‘ప్రమాదం నాటి అసలు దృశ్యం’ అయి కూర్చుంది.

రిటైరయ్యే ముందు ఒక టీవీ ఛానెల్ కోసం అదే మిల్లు మీద మళ్ళీ చిత్రం మొదలుపెట్టాడు. ఈసారి ఆ మంటల్లోంచి బయటపడ్డ ముసలమ్మ దొరికింది.

“గేటుకు తాళం వేశారు నాయనా. అందుకే మా చెల్లిని వెనక్కి, కిటికీ వైపు లాక్కెళ్ళాను. నేను దూకేశాను, అది దూకలేకపోయింది. నేను పోయేలోపు తాళం మాట ఒక్కసారి టీవీలో రావాలి.”

“వస్తుందమ్మా, పూచీ నాది,” అన్నాడు.

ఛానెల్ మేనేజరు అడ్డం తిరిగాడు. “అసలు ఫుటేజీలో గేటు బార్లా తెరిచి ఉంది మాస్టారూ. ఈవిడ తాళమంటుంది. మిల్లువాళ్ళు కోర్టుకెక్కితే ఎవరు తిరుగుతారు?”

“అది నేను తీసిందేనయ్యా! ఆ ముందు పరిగెత్తేవాడు మా బావమరిది!”

మేనేజరు పగలబడి నవ్వాడు. “మ్యూజియంవాళ్ళు సర్టిఫికెట్ ఇచ్చారండీ. మీ బావమరిది ఇస్తాడా?”

ఆయన దగ్గర రుజువేం మిగల్లేదు. మొదటి చిత్రం రీళ్ళను స్టూడియోవాళ్ళు పాత రీళ్ళ గది ఖాళీ చేసేటప్పుడే చెత్తలో పారేశారు. ఛానెల్‌వాళ్ళు తాళం మాట కోసేసి, ముసలమ్మ మాట్లాడుతుంటే ఆమె మొహం మీద ఆ పాత బొమ్మే పరిచి టీవీలో వేశారు. రచన, నిర్మాణం అంటూ ఆయన పేరు ఎన్నడూ లేనంత పెద్దగా వేశారు.

మర్నాడు ముసలమ్మ ఫోన్ చేసింది. తిడుతుందనుకున్నాడు. తిట్టినా బాగుండేది.

“చూశాను నాయనా. గేటు తెరిచే ఉందన్నమాట. పొగలో నాకే సరిగ్గా కనబడలేదేమో.” “అయితే చెల్లిని గేటు దగ్గర్నుంచి లాక్కెళ్ళి చంపుకున్నది నేనేనా?”