సిరా లేని వేలు

పోలింగ్ రోజు సికింద్రాబాద్ స్టేషన్ వెయిటింగ్ హాల్లో ఊడ్చే ఆమె సిరా అంటిన వేలు చూపించి, "నేనేసొచ్చిన. మీరేసిన్రా సార్?" అంది.

"నా ఒక్క ఓటుతో ఏమవుతుందమ్మా?" అన్నాను.

"గిట్లనే అందరు ఇంట్ల పంటరు," అని నవ్వింది.

పక్కన కూర్చున్న విదేశీయుడు, సాఫ్ట్‌వేర్ పని మీద వచ్చినవాడు, సంగతి అడిగి తెలుసుకున్నాడు. తాను రుమేనియాలో పుట్టిన హంగేరియన్‌నని చెప్పాడు. సరిహద్దు అవతల ఉండిపోయిన తమలాంటి వాళ్లకు పౌరసత్వం ఇవ్వాలా వద్దా అని హంగేరీ తన ప్రజల చేత ఓటు వేయించిందట. ఇవ్వాలన్నవాళ్లే ఎక్కువ. కానీ చాలినంతమంది ఓటుకు రాకపోవడంతో అది చెల్లలేదు.

"వద్దన్నవాళ్లను మా అమ్మ క్షమించింది. రానివాళ్లను క్షమించకుండానే పోయింది," అని నా వేలు చూశాడు.

బోయిగూడలో మా బూత్ అక్కడికి పది నిమిషాల నడక. రైలుకు ఇంకా రెండు గంటలుంది. నేను లేవలేదు.