స్కానింగ్‌కి ముందు గోలీసోడా

1986 జూలై 7, సోమవారం. ఇంట్లో ఎవరితోనూ అనలేక పత్రిక పాఠకులైన మీకు రాస్తున్నాను.

మా ఆయన కళ్లు పచ్చబడ్డాయి, మనిషి చిక్కిపోయారు. క్లోమంలో కేన్సర్ గడ్డేమో చూడాలని డాక్టరుగారు స్కానింగ్ రాసి, పరగడుపున రమ్మన్నారు. పొద్దున ఆయన కాఫీ అడిగినా ఇవ్వలేదు. గాజువాక నుంచి బస్సులో వస్తూ కడుపు ఉబ్బరంగా ఉందన్నారు. మద్దిలపాలెంలో దిగగానే గోలీసోడా తాగించాను. సోడా తిండి కాదు కదా!

స్కానింగ్ డాక్టరమ్మ పొట్ట మీద ఎంతసేపు వెతికినా తెర మీద పొగలాంటిదే కనబడింది.

"ఏం తాగారు తాతగారూ?"

"సోడానమ్మా. నాను అడగలేదు, ఈవిడే తాగించింది. మా ఇంట్లో పెద్ద డాక్టరు ఈవిడే."

"ఆ గ్యాసే అడ్డమొస్తోంది. దాని వెనకున్న క్లోమం కనబడట్లేదు. గురువారం మళ్లీ రండి."

ఇంటిల్లిపాది తప్పులూ పట్టేదాన్ని నేను. దారంతా ఆయనే నన్ను ఓదార్చారు. మీలో ఎవరైనా ఇలాంటి పని చేసుంటే చెప్పండి, నాకు కాస్త ఊరట.

ఇక జరగవలసినవి:

1. గురువారం పరగడుపున వెళ్లాలి. ఉబ్బరమన్నా సోడా లేదు.
2. అంతవరకూ ఆయన ముందు నేను ఏడవకూడదు.
3. తెర మీద క్లోమం కనబడాలి. అందులో ఏమీ కనబడకూడదు.