సగం కంబళి: ‘సాకు’ అనే మాట వెంట హగరి దాకా

ఒక మాట కోసం ఎవరైనా రైలెక్కుతారా అని మా ఇంట్లో నవ్వారు. నవ్వితే నవ్వనీ అని ఎక్కేశాను. హైదరాబాదులో పుస్తకాల ప్రూఫులు దిద్దడం నా ఉద్యోగం, పుట్టింది మాత్రం గుత్తి దగ్గర పల్లెలో. ఆ మధ్య మా అవ్వ మీద చిన్న వ్యాసం రాసుకుని, అందులో ‘నన్ను సాకింది మా అవ్వే’ అన్నాను. మా ఆఫీసులో పెద్దాయన ఒకరు ఆ మాట కింద ఎర్రగీత గీశారు. “సాకు అంటే నెపం అమ్మా. పెంచింది అని రాయండి. సాకడం ఏమిటి, మొరటుగా! పైగా అది కన్నడం” అన్నారు. ఒళ్ళు మండిపోయింది. జీతం పెంచమని అడుగుతాం, బస్సు చార్జీలు పెంచితే తిట్టుకుంటాం. మా అవ్వ నన్ను పెంచలేదండీ, సాకింది. అర్ధరూపాయి మాత్ర కోసం ఎండలో మూడూళ్ళు నడిచి సాకింది. ఆ తేడా తెలియని ఎర్ర పెన్నుకు నేను తల వంచేది లేదని అప్పుడే అనుకున్నాను.

నా పక్క కుర్చీలో కంప్యూటరు మీద పేజీలు కట్టే వీరేశుది బళ్ళారి జిల్లా, హగరి దగ్గర ఊరు. గొడవంతా వింటూ కూర్చున్నాడు. పెద్దాయన అటు వెళ్ళగానే కుర్చీ ఇటు తిప్పి, “ఆయప్పతో నీకేందిలే అక్కా. ఆదివారం నా నిశ్చితార్థం ఉండాది, మా ఊరికి రా. ఆ మాట ఈడ చచ్చిపోయినా ఆడ బాగనే బతుకుతాండాది. నన్ను సాకినామెను చూపిస్తా” అన్నాడు. వాళ్ళమ్మ అతన్ని కని చనిపోయిందని, నాన్న రుద్రప్ప మళ్ళీ పెళ్ళి చేసుకుని బళ్ళారిలో లారీలు నడుపుతున్నాడని, మేనత్త గంగమ్మ దగ్గరే తను పెరిగాడని అంతకుముందే చెప్పాడు. ఆమెను అత్త అని పిలవడు, అమ్మ అనే పిలుస్తాడు.

శనివారం రాత్రి కాచిగూడలో రైలెక్కితే తెల్లారేసరికి గుంతకల్లు. స్లీపరుకు మూడు వందల లోపే అయింది. స్టేషను బయట బండి మీద ఉగ్గాని, మిరపకాయ బజ్జీ తినకుండా ఎవరూ ముందుకు కదలకండి. బొరుగులు నానబెట్టి, పచ్చిమిర్చి, పుట్నాల పొడి వేసి తాలింపు పెడతారు. బండి ఆమెను “కారం ఎక్కువా?” అని అడిగాను. “కారం లేకుంటే ఉగ్గాని ఎట్లైతాదమ్మా?” అంది, నాకేదో జబ్బు చేసినట్టు చూస్తూ. నలభై రూపాయలిచ్చి కళ్ళు తుడుచుకుంటూ ప్యాసింజరు ఎక్కాను. గంట లోపే హగరి. దారి పొడుగునా నల్లరేగడి, పత్తి తీసేసిన కట్టెలు, కళ్ళాల్లో ఎండుతున్న మిరపకాయలు. పెట్టెలో ఒక పక్కన తెలుగు, ఒక పక్కన కన్నడం, టీ అమ్మే ఆయన నోట ఆ రెండిటితో పాటు ఉర్దూ. ఎవరూ ఎవరినీ ‘మీది ఏ భాష’ అని అడగలేదు. నాకు ప్రాణం లేచొచ్చింది.

హగరి చిన్న స్టేషను. దిగింది నలుగురం. పక్కనే పారే హగరి ఏటిలో నీళ్ళకంటే ఇసుకే ఎక్కువ, అవతల వ్యవసాయ పరిశోధన కేంద్రం మళ్ళు పచ్చగా ఉన్నాయి. బయట ఒక్కటే ఆటో. నడిపే ఆయన పేరు మహబూబ్, నడివయసు మనిషి. ఊరి పేరు చెప్పగానే, “గంగమ్మ కొడుకు నిశ్చితార్థానికా? నూటయాబై ఇయ్యమ్మా” అన్నాడు. నూరన్నాను. “చలో, పెండ్లింటి గిరాకీ, ఎక్కు” అన్నాడు.

“రుద్రప్ప కొడుకు కదా?” అన్నాను, తెలిసే అడిగాను.

“పుట్టినాడు రుద్రప్పకు. సాకింది గంగమ్మ. ఇంక ఎవురి కొడుకంటావు చెప్పు?” అని నన్నే అడిగాడు.

కొంతదూరం పోయాక గొర్రెల మంద అడ్డొచ్చింది. మహబూబ్ హారన్ కొట్టకుండా ఇంజను ఆపి, “ఈటిలో సగం రుద్రప్పవి, సగం గంగమ్మవి. ఈ పొద్దు ఆమెకు పని ఉండాదని పక్కింటాయన మేపుతాండాడు” అన్నాడు. అదెలాగని అడిగితే మంద దాటేలోగా చెప్పాడు. చేతిలో డబ్బున్న వాళ్ళు ఆడగొర్రెలు కొని, మేపే ఓపికున్న వాళ్ళకు పాలికి ఇస్తారు. పాలు అంటే ఇక్కడ వాటా. సాకినవాళ్ళకు ఈనిన పిల్లల్లో సగం, కత్తిరించిన బొచ్చులో సగం. రాతకోతలు ఏమీ ఉండవట. “మాట తప్పితే మల్లా ఊర్లో ఎవురూ గొర్రె ఇయ్యరు, ఎవురూ సాకరు” అన్నాడు. అక్క గంగమ్మ విధవరాలైనప్పుడు రుద్రప్ప గొర్రెలు ఇచ్చాడని, అప్పటి నుంచి ఈ వాటా నడుస్తోందని కూడా అతనే చెప్పాడు.

గంగమ్మ ఇంటి ముందు షామియానా వేశారు. ఆమె వంటింట్లో ఓళిగలు, అంటే మన బొబ్బట్లు, కాలుస్తోంది. యాభై దాటి ఉంటుంది, బక్కపలచని మనిషి, గొంతు మాత్రం పొలం అవతలికి వినబడేది. నన్ను చూడగానే, “పేపర్లు దిద్దే అక్క నువ్వేనా? మాటకోసరం కొట్లాడినావంట కదా! తిను” అని వేడి ఓళిగ చేతిలో పెట్టి దానిమీద నెయ్యి పోసింది. కాలింది. “ఊదుకొని తినవల్లమ్మా” అని నవ్వింది.

నవ్వు ఎక్కువసేపు నిలవలేదు. వీరేశు లోపలికొచ్చాడు, ముఖం మాడిపోయి ఉంది. తాంబూలాలు మార్చుకునేటప్పుడు కంబళి మీద పెళ్ళికొడుకు తల్లిదండ్రులుగా రుద్రప్ప, ఆయన రెండో భార్య సుజాత కూర్చుంటారని, గంగమ్మ లోపలే ఉండాలని వాళ్ళ చిన్నతాత సిద్ధప్ప తేల్చేశాడట. ఆయనే ఆ వంశానికి పెద్ద.

“నువ్వు కూచోకుంటే నేనూ కూచోను” అన్నాడు వీరేశు.

“నోర్ముయ్. ఆ పెండ్లికూతురు పాప ఏం తప్పు చేసింది, నువ్వు లేచి పోయేకి?” అని గదిమింది గంగమ్మ. తర్వాత ఓళిగల పెనం మీది నుంచి కళ్ళు తీయకుండా నాతో అంది: “నాకు బంగారం వద్దు, పట్టుచీర వద్దమ్మా. వాని తాంబూలం నా చేతుల మీదుగా పోవల్ల. అంతే. ఇరవై ఏడేండ్లలో నేను అడిగేది ఈ ఒక్కటే.”

పరాయిదాన్ని, పిలిస్తే వచ్చినదాన్ని. ఓళిగలు ఒక్కొక్కటే గంపలోకి సర్దుతూ ఉండిపోయాను.

పదకొండు దాటాక పెళ్ళికూతురి వాళ్ళు వచ్చారు. సిరుగుప్ప వైపు కన్నడం మాట్లాడే కుటుంబం. పెద్ద నల్ల కంబళి పరిచారు. అటు పెళ్ళికూతురి తల్లిదండ్రులు, వాళ్ళ వెనక ఆ పిల్ల నానమ్మ. ఇటు రుద్రప్ప, సుజాత. మధ్యలో పళ్ళేలు, తమలపాకులు, కొబ్బరికాయలు. వీరేశు ఒక పక్క ముడుచుకుని కూర్చున్నాడు. సిద్ధప్ప గొంతు సవరించుకుని, “ఇంక తాంబూలాలు అందుకోండప్పా” అన్నాడు.

అప్పుడు గంగమ్మ వంటింటి గడప దాటి బయటికొచ్చింది. చేతులకు పిండి అలాగే ఉంది.

“చిన్నాయనా, ఒక్క మాట అడుగుతా. రుద్రా, నువ్వూ విను. నీ గొర్రెలు నాకు పాలికి ఇచ్చింటివి. నేను సాకితి. పిల్లల్లో సగం నీకు, సగం నాకు. ఏ పొద్దన్నా ఒక్క పిల్ల ఎక్కువ తీసుకుంటినా?”

“లేదక్కా” అన్నాడు రుద్రప్ప, తల ఎత్తకుండా.

“మొగుడు లేని ఆడది కదా, దీనికి వాటా ఏందిలే అని నువ్వు నా సగం ఎగ్గొడితివా?”

“లేదు.”

“గొర్రెకుండే న్యాయం బిడ్డకు లేదా? పురిటి గుడ్డును తెచ్చి నా ఒళ్ళో ఏస్తివి. సాకితి. మీరు కూసున్న ఈ కంబళి గూడా నేను సాకిన గొర్రెల బొచ్చే. నాకు మొత్తం వద్దప్పా. నా సగం నాకు ఇడవండి. కూసుంటా.”

సిద్ధప్ప అందుకున్నాడు. ముత్తైదువ కూర్చోవాల్సిన చోటన్నాడు. ఆనవాయితీ అన్నాడు. పెళ్ళికూతురి వాళ్ళు ఏమనుకుంటారన్నాడు. అదీ అయ్యాక మంచి గడియ దాటిపోతోందన్నాడు. ఒకటి పోతే ఒకటి, సాకుల మీద సాకులు. మా ఆఫీసు పెద్దాయన చెప్పిన అర్థంలోనే అంటున్నాను. ఆ అర్థం లేదని నేనెప్పుడన్నాను?

పెళ్ళికూతురి నానమ్మకు తెలుగు అర్థమవుతుంది గానీ మాట్లాడడం రాదు. అంతవరకూ వక్కలు కొరుకుతూ ఊరుకున్న ఆమె చేతికర్రతో నేల మీద ఒకటి కొట్టింది. “సాకు మాడ్రి. సాకిదాకి కూడ్రలి” అంది. ఇక చాలించండి, సాకినామె కూర్చోవాలి అని. కన్నడంలో సాకు అంటే చాలు. సాకడమంటే ఆ భాషలోనూ మన సాకడమే. ఒకే ఊపిరిలో రెండూ అనేసి, మళ్ళీ వక్క నోట్లో వేసుకుంది.

రుద్రప్ప కదలలేదు. మగవాడికి నలుగురిలో కదలడం కష్టమేమో నాకు తెలియదు. కదిలింది సుజాత. ఆమె సవతి తల్లి, ఆమెకే కోపం రావాలని అందరూ ఎదురుచూశారు. చీర కుచ్చెళ్ళు సర్దుకుని పక్కకు జరిగి, అరచేత్తో కంబళి తట్టి, “రా వదినా, కూచో. నేనెప్పుడో చెప్పల్లని ఉంటి, నాకు ధైర్యం చాల్లేదు” అంది.

గంగమ్మ కూర్చుంది. పిండి చేతులు చెంగుకు తుడుచుకుంది. పళ్ళెం అందుకుని, కొబ్బరికాయ జారకుండా బొటనవేళ్ళతో అదిమిపట్టి అవతలివాళ్ళకు అందించింది. వీరేశు చిన్నపిల్లాడిలా ఏడ్చాడు. నేనూ ఏడ్చాను, ఎందుకు దాచాలి? సిద్ధప్ప కండువా దులుపుకుని బయటికి పోయి బీడీ ముట్టించాడు. “ఏం కాలమప్పా ఇది!” అని ఆయన గొణగడం లోపలికి వినబడింది. భోజనాల వేళకు అందరికంటే ముందు విస్తరి ముందు కూర్చున్నది కూడా ఆయనే. జొన్నరొట్టె, ఎణ్ణెగాయి అనే వంకాయ కూర, శనగకాయల పొడి, ఓళిగలు. గంగమ్మ వడ్డిస్తూ ఆయన దగ్గర ఆగి, “ఇంకొకటి ఎయ్యనా చిన్నాయనా?” అంది. ఆయన అటు తిరిగి “సాకు, సాకమ్మా” అన్నాడు. ఆమె వినలేదు. ఇంకొకటి వేసి, పైన నెయ్యి పోసింది.

సాయంత్రం మహబూబే వచ్చి నన్ను బళ్ళారి బస్సెక్కించాడు. బస్టాండులో దిగి, కంటోన్మెంటు వైపు కాసేపు నడిచాను. అక్కడ చెట్ల నీడ, వెడల్పాటి రోడ్లు, పాత బంగళాలు ఉన్నాయి, ఊరి రద్దీకి భిన్నంగా ప్రశాంతంగా ఉంటుంది. రైలుకు టైముంటే తప్పక చూడండి. నాకు మాత్రం ఏదీ సరిగా కంటికి ఆనలేదు. గంగమ్మ కట్టిచ్చిన రొట్టెల మూట ఒళ్ళో పెట్టుకుని స్టేషనులో కూర్చున్నాను.

సోమవారం ఆఫీసుకు వెళ్ళి, ఎర్రగీత గీసిన చోట ‘సాకింది’ అని మళ్ళీ రాశాను. పెద్దాయన చూసి కళ్ళజోడు తీశారు. “ఇది తెలుగేనంటారా?” అన్నారు. “తెలుగే. కన్నడం కూడా. ఆ మాటను రెండు భాషలవాళ్ళూ సాకారు కాబట్టి సగం సగం” అన్నాను. ఆయనకు అర్థం కాలేదు, నేను విడమర్చనూ లేదు. ఒక మాటకు మూడు అర్థాలుంటే నిఘంటువులో ఒకటి, రెండు, మూడు అని అంకెలు వేస్తారు. నేను ఆ ఇంట్లో ఒక పూట కూర్చుని మూడూ విన్నాను, అక్కడ ఎవరికీ ఏ అంకే అక్కర్లేకపోయింది. మాటను ఇది మాది, అది మీది అని గీత గీసి పంచుకునేవాళ్ళకు నా సమాధానం ఒకటే. నేను రాస్తూనే ఉంటాను, మీ పెన్నులో సిరా అయిపోవాల్సిందే.

వెళ్ళాలనుకునే వాళ్ళకు ఒక సలహా. హగరిలో ఎక్స్‌ప్రెస్ రైళ్ళు ఆగుతాయని నమ్ముకోకండి, గుంతకల్లులో దిగి ప్యాసింజరు వేళలు కనుక్కోండి. ఆ చుట్టుపక్కల ఏ శుభకార్యానికైనా పిలిచి, కంబళి మీద చోటిస్తే, కూర్చునే ముందు ఒకసారి వంటింటి గడప వైపు చూడండి. అక్కడ ఎవరైనా నిలబడి ఉంటే, కాస్త పక్కకు జరగండి.